వాడిన పిస్టల్ కొనుగోలు – పరిశీలన

మరొకరు వాడిన పిస్టల్‌ను కొనే ముందు దాని చట్టబద్ధతను, పనితీరును పరీక్షించాలి. భారతదేశంలో ఈ క్రయవిక్రయాలు 1959 ఆయుధ చట్టం, 2016 ఆయుధ నియమాల కిందికి వస్తాయి. మహబూబాబాద్ జిల్లా గూడూరు వంటి మండలాల్లో లైసెన్సు ఇచ్చే అధికారం జిల్లా మేజిస్ట్రేటు అయిన జిల్లా కలెక్టరుది.

చట్టబద్ధత: కొనేవారికి ముందుగా లైసెన్సు ఉండాలి. అమ్మదలచిన వ్యక్తి కొనేవారి పేరు, చిరునామాతో జిల్లా మేజిస్ట్రేటుకు గానీ సమీప పోలీస్ స్టేషనుకు గానీ రాతపూర్వకంగా తెలపాలి. ఆ తర్వాత 45 రోజులు గడిచాకే ఆయుధం చేతులు మారాలి. 2019 సవరణ ప్రకారం సాధారణంగా ఒకరి వద్ద రెండు తుపాకులకు మించరాదు. 9 ఎం.ఎం. పిస్టల్ నిషిద్ధ శ్రేణిది. పౌరులకు ఎక్కువగా దొరికేది .32 బోరు. ఆయుధంపై నంబరు లైసెన్సులోని నంబరుతో సరిపోవాలి. నంబరు చెరిపేసిన ఆయుధాన్ని కొనరాదు.

పనితీరు: మొదట మ్యాగజైను తీసి, స్లైడును వెనక్కి లాగి, ఛాంబరు ఖాళీగా ఉందని కంటితో చూసి, వేలితో తడిమి నిర్ధారించుకోవాలి. బ్యారెల్ లోపల తుప్పు గుంటలు, ఉబ్బు ఉండకూడదు. ఫ్రేముపై పగుళ్లు, స్లైడు పట్టాల అరుగుదల, మ్యాగజైను అంచుల వంపు చూడాలి. సేఫ్టీ వేసినప్పుడు ట్రిగ్గర్ నొక్కినా సుత్తి పడకూడదు. బ్యారెల్ ఉబ్బినా, ఫ్రేము పగిలినా ఆ పిస్టల్‌ను వదులుకోవడమే క్షేమం. తుది నిర్ణయానికి ముందు లైసెన్సు పొందిన ఆయుధ డీలరు చేత తనిఖీ చేయించాలి.