చల్లారిందనుకున్న కొండ

మీ అట్లాసులో అండమాన్ దీవుల పటం తీయండి. పోర్ట్ బ్లెయిర్‌కు (2024లో దీనికి శ్రీ విజయపురం అని పేరు మార్చారు) ఈశాన్యంగా సుమారు 135 కిలోమీటర్ల దూరంలో ఒక చిన్న చుక్క కనిపిస్తుంది. అదే బారెన్ దీవి. మన దేశంలో నేటికీ నిప్పులు కక్కుతున్న ఏకైక అగ్నిపర్వతం.

ఎత్తు ఎంతనుకుంటున్నారు? సముద్రమట్టానికి దాదాపు 350 మీటర్లే! మన తిరుమల కొండలు ఇంతకంటే చాలా ఎత్తు. అయితే చూపుకు ఆనేది శిఖరం మాత్రమే. దాని పాదం 2,000 మీటర్లకు పైగా లోతున సముద్రగర్భంలో ఉంది.

ఇక్కడే ఎందుకు పుట్టింది? భారత భూఫలకం ఇక్కడ తూర్పునున్న బర్మా ఫలకం కిందికి దూరిపోతోంది. లోతుకు పోయేకొద్దీ దాని శిలల్లో చిక్కుకున్న నీరు బయటపడి, పైనున్న వేడి రాతిలోకి చేరుతుంది. నీరు చేరితే రాయి తక్కువ ఉష్ణోగ్రతకే కరుగుతుంది. ఐసులో ఉప్పు కలిపితే త్వరగా కరగడం కుల్ఫీ బండి దగ్గర చూసే ఉంటారు, ఇదీ దాదాపు అటువంటిదే. అలా కరిగిన శిలాద్రవమే పైకి తన్నుకొస్తుంది. వికారాబాదు, రాజమండ్రి ప్రాంతాల నల్లరాయి కూడా లావాయే గాని, సుమారు 6.6 కోట్ల ఏళ్ల నాటిది. దాని కథ వేరు.

బారెన్‌లో ఒకప్పుడు ఇంకా పెద్ద పర్వతం ఉండేది. అది కూలిపోగా రెండు కిలోమీటర్ల వెడల్పున వలయం మిగిలింది. దాని నడుమ బూడిద, రాళ్లు పేరుకుని లేచినదే నేటి శంకువు. వలయం గోడ పడమటివైపు తెగి ఉంది. లావా సముద్రానికి చేరేది ఆ గండిలోంచే.

1787లో కోల్‌బ్రూక్ అనే సైనికాధికారి ఓడమీదినుంచి ఇక్కడి పొగను చూశాడు. 1789లో ఆర్చిబాల్డ్ బ్లెయిర్ వచ్చేసరికి టన్నుల బరువున్న ఎర్రని రాళ్లు ఎగిరిపడుతున్నాయి. పంతొమ్మిదో శతాబ్దం గడిచేకొద్దీ ఆ హోరు అణగిపోయింది. తీరాన ఉన్న వేడినీటి ఊట కూడా క్రమంగా చల్లబడుతూ వచ్చింది. 1885లో జియలాజికల్ సర్వేకు చెందిన మాలెట్ ఈ దీవిపై ఒక గ్రంథమే ప్రచురించాడు. ఊట చల్లబడుతోందంటే కొలిమి ఆరిపోతోందనేగా? ఆ ఊహ అసమంజసమేమీ కాదు, చేతిలో ఉన్న కొలతలు అలాగే చెప్పాయి. కాని మనిషి కొలిచింది వందేళ్లే, అగ్నిపర్వతానికి అదొక కునుకు.

1991లో కొండ మేల్కొంది. నెలల తరబడి మండింది, లావా సముద్రంలోకి దిగింది. 1994-95లో మళ్లీ మండింది. 2005 నుంచి తరచూ రగులుతూనే ఉంది. 2017లో జాతీయ సముద్ర విజ్ఞాన సంస్థ శాస్త్రవేత్తలు పరిశోధన నౌక నుంచి పగలు బూడిద మేఘాలను, చీకటి పడ్డాక ఎర్రని లావా ధారలను చూశారు. 2025 సెప్టెంబరులోనూ చిన్నపాటి విస్ఫోటాలు నమోదయ్యాయి. జనావాసం లేదు కనుక ఎవరికీ ప్రమాదం కలగలేదు.

ఇప్పుడు పటంలో వేలు కాస్త ఉత్తరానికి జరపండి. ఇదే వరుసలో నార్కొండం అనే మరో అగ్నిపర్వతం ఉంది. ఎత్తు 710 మీటర్లు, ఒళ్లంతా దట్టమైన అడవి. అది మండినట్లు చరిత్రలో ఎక్కడా నమోదు కాలేదు. ప్రపంచంలో మరెక్కడా లేని నార్కొండం హార్న్‌బిల్ పక్షులు ఆ కొండమీది చెట్ల తొర్రల్లోనే గూళ్లు కడతాయి.