అలావుద్దీన్

అరబ్బీలో ‘అలా’ అంటే ఔన్నత్యం, ‘దీన్’ అంటే ధర్మం, మతం. నడుమనున్న ‘అల్’లోని లకారం దకారం ముందు దకారమైపోతుంది, నిజాముద్దీన్‌లోనూ ఇదే సంధి. మొదట ఇది బిరుదు. 1296లో ఢిల్లీ గద్దెనెక్కిన అలావుద్దీన్ ఖిల్జీ అసలు పేరు అలీ గుర్షాస్ప్. బిరుదులు మెల్లగా పిల్లల పేర్లయ్యాయి.

తెలుగునేలపై ఆ పేరుకు నిజంగా తగినవారు మౌల్వీ అలావుద్దీన్ అనిపిస్తుంది నాకు. 1857 జులై 17న తుర్రెబాజ్ ఖాన్‌తో కలిసి హైదరాబాద్ కోఠీలోని బ్రిటిష్ రెసిడెన్సీపై దాడికి నాయకత్వం వహించారు. తుర్రెబాజ్ పేరిట కోఠీలో రోడ్డుంది. మౌల్వీని తలిచేవారు తక్కువ, అది బాధే. 1859లో ఆయనను అండమాన్‌కు, పోర్ట్ బ్లెయిర్ ప్రాంతంలోని ఖైదీల వలసకు పంపారు. మళ్లీ హైదరాబాద్ చూడకుండానే అక్కడ కన్నుమూశారు.