పానగల్లు ఛాయాసోమేశ్వరాలయము: మూలనిర్మాణము, చేర్పులు

నల్లగొండ పట్టణమునకు సమీపమున నున్న పానగల్లులో రెండు ప్రాచీన శివాలయములు కలవు. ఒకటి పచ్చల సోమేశ్వరాలయము. రెండవది ఊరికి ఎడముగా పొలముల నడుమ నున్న ఛాయాసోమేశ్వరాలయము. రెండును కందూరు చోడుల కాలపు కట్టడములని చరిత్రకారులు తలంచుచున్నారు. ఇట్టి ఆలయమునకు పిమ్మటివారు చేయు చేర్పు మూలనిర్మాణమును ఎంతవరకు మార్చును అను ప్రశ్నను ఛాయాసోమేశ్వరాలయము ఆధారముగా మేమిచట చర్చింపదలచితిమి.

కందూరు చోడులు కల్యాణి చాళుక్యులకు సామంతులు. ఉదయసముద్రము అను ఇచ్చటి చెరువు ఆ వంశపు ఉదయుని పేరిట వెలసినది. కాకతి రుద్రదేవుడు చోడోదయుని పురమును దహించెనని 1163 నాటి హనుమకొండ శాసనము చెప్పుచున్నది. పురదహనము చదివినంతనే ఆలయములును కాలినవని, ఇప్పుడున్నవి పునర్నిర్మాణములని ఊహించుట తొందరపాటు. అట్లే ఆలయమున నిలిచిన దానశాసనమును బట్టి ఆలయకాలమును నిర్ణయించుట మనలో పరిపాటి యైనది. దానశాసనము దానమునకు మాత్రమే సాక్షి. కట్టడమునకు సాక్షి రాయే: అధిష్ఠానపు పట్టెలు ఎక్కడ తెగినవి, అతుకులు ఎక్కడ మారినవి అని చూడవలెను. పచ్చల సోమేశ్వరాలయమున మూడు గర్భగృహములు ఒక వరుసను, నాలుగవది వాని కెదురుగను ఉన్నవి. అట్టిచోట ఈ పరీక్ష మరింత అవసరము.

ఛాయాసోమేశ్వరాలయము త్రికూటము. నడుమ స్తంభమండపము, దానికి మూడువైపుల మూడు గర్భగృహములు, నాలుగవవైపు ప్రవేశము. రుద్రదేవుని వేయిస్తంభాలగుడియు ఈ తీరుదే. అయితే పానగల్లునకు ప్రసిద్ధి తెచ్చినది లింగము వెనుక గోడపై పగలెల్ల కదలక నిలుచు స్తంభాకారపు నీడ. ఆ నీడ ఏ స్తంభమున కని చూపరులు వెదకుదురు. లింగమునకు సూటిగా ఎదుట ఏ స్తంభమును లేదు! భౌతికశాస్త్రము నెరిగినవారు చెప్పు సమాధానము సరళము. గర్భగృహమున సూర్యకిరణము నేరుగా పడదు. మండపపు తెరపిచోట్ల నుండి చెదరిన వెలుతురు స్తంభముల సందులగుండ ఇరువైపుల లోనికి వచ్చును. ఆ రెండు వెలుతురులకును అందని నడిమి భాగమే నీడ. నేరుటెండ కానందున సూర్యునితోపాటు అది జరుగదు.

కావున ఈ నీడ ఒక రాతియందు లేదు. మండపమునందలి శూన్యస్థలములయందు ఉన్నది. శిల్పము విరిగిన వెంటనే కంటికి తెలియును. ఒక తెరపిని గోడతో పూడ్చినను, ఒక పందిరి వేసినను, రాయి ఒక్కటియు చెడకయే ఛాయ చెడును. జీర్ణోద్ధరణము చేయువారు సాధారణముగా స్తంభములను లెక్కింతురు గాని సందులను కొలువరు. వేయిస్తంభాలగుడి కల్యాణమండపమును 2006 ప్రాంతమున విప్పగా అది మరల 2024లో గాని తెరువబడలేదు. అచ్చట రాళ్ళను గుర్తించి తిరిగి పేర్చుటయే ప్రధానము. పానగల్లులో అది చాలదు. స్తంభముల నడిమి దూరములు, వెలుతురు వచ్చు దిక్కులు పటములయందు ముందుగా నెక్కవలెను.

పచ్చల సోమేశ్వరాలయముకడ పురావస్తు ప్రదర్శనశాల వెలసినది. దానివలన పెక్కు శిల్పములకు రక్షణ కలిగినది. అది మేలైన చేర్పే. చేర్పన్నది పెద్ద కట్టడమే కానక్కరలేదు. ఛాయాసోమేశ్వరుని గర్భగృహమున ఒక్క విద్యుద్దీపము వెలిగించి చూడుడు. గోడపై నీడ వెలవెలబోవును. దానిని ఆర్పిన పిదప, కన్ను చీకటికి అలవడిన కొలది అది తిరిగి తోచును.