రాజీ డిక్రీ పూర్వచరిత్ర

సివిలు అప్పీలు నడుచుచుండగా ఉభయపక్షములవారును ఇష్టపూర్వకముగ రాజీపడి తగవు తెంచుకొనుట నేడు పుదుచ్చేరిలో సామాన్యవిషయమే యైనను, దాని వంశక్రమము మాత్రము పొరుగున నున్న మద్రాసు కోర్టులలోని రాజీల వంశక్రమము వంటిది కాదు. వైట్ టౌనులోని సెయింట్ లూయీ వీథియందు 1955లో వెలసిన ఫ్రెంచి పరిశోధనాసంస్థ, 1766 మొదలు 1817 వఱకు చావడి న్యాయస్థానము చెప్పిన తీర్పులను సంపుటములుగ ప్రకటించినది. ఆ చావడిలో ఫ్రెంచి అధికారులు న్యాయాధిపతులుగ కూర్చుండి, దేశీయుల తగవులను వారి వారి కులాచారముల ననుసరించి తీర్చుచు, చిక్కువడిన వానిని కులపెద్దలకును మధ్యస్థులకును అప్పగించుచుండిరి. వారి తీర్పు రుచింపనివాడు 1701 నాటి రాజశాసనముచే నేర్పడిన ఉన్నతమండలికి అప్పీలు చేసికొనుచుండెను.

1819 జనవరి 6వ తేదీ శాసనముతో ఫ్రెంచి స్మృతులు ఇచ్చట ప్రవేశించినవి. దేశీయుల ఆచారములు నిలుపబడినను, 1804 నాటి సివిలు స్మృతి తనతో నొక క్రొత్త భావమును గొనివచ్చెను. దాని 2044వ అధికరణము ననుసరించి రాజీ యనునది కేవలము వ్రాతపూర్వకమైన యొడంబడిక. అది పుట్టిన వివాదమును ముగింపవచ్చును, పుట్టబోవుదానిని వారింపవచ్చును. 2052వ అధికరణము దానికి తుది తీర్పుతో సమానమైన బలమొసగెను. కక్షిదారుల చేవ్రాలునకే ఇంత గౌరవమిచ్చిన చట్టము నాకు మిక్కిలి ఉదారముగ దోచును.

ఇంగ్లీషువారి త్రోవ వేఱు. 1859, 1882 నాటి ప్రక్రియాస్మృతుల మీదుగ వచ్చిన 1908 స్మృతి, 23వ ఆర్డరు 3వ రూలునందు, రాజీ న్యాయసమ్మతమని కోర్టు తృప్తిపడి, నమోదుచేసి, డిక్రీ ఇయ్యవలెనని విధించెను; అట్టి డిక్రీపై 96వ సెక్షను మఱి అప్పీలు లేకుండ జేసెను. 1954 నవంబరు 1న పుదుచ్చేరి పాలన చేతులు మాఱి, 1962లో విలీనము చట్టబద్ధమై, మద్రాసు హైకోర్టు అధికారము ఇచ్చటికి విస్తరించిన పిదప, 1968లో ఈ స్మృతియు వచ్చెను.

కాని సంతకమునకు గల విలువ ఈ స్మృతికి జరిగిన 1976 సవరణతో గాని స్పష్టపడలేదు. అంతవఱకు కోర్టు హాలులో వకీళ్లు పలికిన మాటయే రాజీగ చెల్లిన సందర్భములు గలవు. 1987లో సుప్రీంకోర్టు, అప్పీలు విచారణలో నోటిమాటగ కుదిరిన ఒప్పందమొకటి తరువాత బెడిసిన వ్యవహారమున, వ్రాతయు సంతకములును లేనిది రాజీ కానేరదని తేల్చెను. 1991లో వకీలు తన కక్షిదారు పక్షమున సంతకము చేయవచ్చునని సడలించెను.

రాజీ కాగితమున నిజమైన చిక్కు షెడ్యూలులో నుండును. అన్నదమ్ములు ఇంటి వాటాపై అప్పీలులో నుండి, దావాలో లేని కొబ్బరితోటను గూడ కలిపి పంచుకొన్నచో, 1976 సవరణ దానికి అడ్డు చెప్పదు. అయినను తోట మట్టుకు డిక్రీని రిజిస్టరు చేయింపవలెను. తొందరలో ఈ మాట మఱచువారు పెక్కండ్రు.

ఇక మోసగించి సంతకము చేయించిరని వాదించువానికి, ఆ సవరణయే చేర్చిన 3-ఏ రూలు ప్రకారము, వేఱొక దావా వేయు హక్కు లేదు; ఆ రాజీని స్వీకరించిన న్యాయస్థానమునకే తిరిగివచ్చి, ఆ న్యాయపీఠము నెదుటనే మొఱపెట్టుకొనవలెను.