నీళ్ళ కింద పుట్టిల్లు

మా అత్తయ్యగారిని నాగార్జునకొండ తీసుకెళ్ళాలని మావారు పదేళ్ళుగా అంటూనే ఉన్నారు. నరసరావుపేటలో పొద్దున్నే కారెక్కితే మాచర్ల మీదుగా వెళ్ళి, లాంచీలో కొండకి పోయి, చీకటిపడే వేళకి ఇల్లు చేరొచ్చు. అయినా ప్రతిసారీ వాయిదా పడేది. అడ్డుపుల్ల వేసేది అత్తయ్యగారే. "నేను చూడంది ఏముందిలే అక్కడ" అనేవారు. ఆవిడ పుట్టింది ఆ లోయలోనే. ఆ ఊరు ఇప్పుడు సాగర్ నీళ్ళ కింద ఉంది.

ఈసారి సంక్రాంతి సెలవులకి మా అమ్మాయి పట్టుబట్టింది. డిగ్రీలో చరిత్ర చదువుతోంది లెండి. "నానమ్మా, నువ్వు రాకపోతే నేనూ వెళ్ళను" అని బెట్టు చేసేసరికి ఆవిడ ఒప్పుకున్నారు. బయల్దేరే ముందు ఒకటే అడిగారు. "అమ్మాయ్, పసుపూ కుంకుమా పొట్లం కట్టి సంచీలో వెయ్యి." కృష్ణమ్మకి సమర్పించడానికి కాబోలు అనుకుని వేశాను. పులిహోర, పెరుగన్నం డబ్బాలు సరేసరి.

విజయపురి సౌత్‌లో లాంచీ ఎక్కాం. లైఫ్ జాకెట్ వేసుకోమంటే అత్తయ్యగారు మొహమాటపడి, చివరికి చీర కొంగు లోపలికి దోపి వేయించుకున్నారు. దాదాపు ముప్పావుగంట ప్రయాణం. చుట్టూ నల్లమల కొండలు, కంటికి ఆనినంత మేరా నీళ్ళు. లాంచీలో గైడు ఒకతను మైకు పట్టుకుని చెబుతున్నాడు. మనం వెళ్ళేది దీవి కాదు, ఒకప్పటి కొండ కొస మాత్రమే. దాని కింద లోయలో 3, 4 శతాబ్దాల్లో ఇక్ష్వాకు రాజుల రాజధాని విజయపురి ఉండేది. శాసనాల్లో ఈ కొండ పేరు శ్రీపర్వతం. ఆచార్య నాగార్జునుడి పేరు తర్వాత కాలంలో వచ్చింది.

ఆ నగరం బయటపడిన కథ నాకు మొదటినుంచీ ఇష్టం. 1926లో సూరపరాజు వెంకటరామయ్య అనే బడిపంతులు గారు ఒక పాత స్తంభాన్ని చూసి మద్రాసు ప్రభుత్వానికి తెలియజేశారట. అక్కడి శాసన శాఖలో తెలుగు సహాయకులుగా ఉన్న సరస్వతి గారు వచ్చి చూశారు. 1927 నుంచి 1931 వరకు లాంగ్‌హర్స్ట్ తవ్వించారు. 1938లో టి. ఎన్. రామచంద్రన్ మళ్ళీ మొదలుపెట్టారు. ఆ తర్వాత ఆనకట్ట కట్టాలన్న నిర్ణయం జరిగింది. లోయంతా మునిగిపోతుంది గనక 1954 నుంచి 1960 దాకా ఆర్. సుబ్రహ్మణ్యం ఆధ్వర్యంలో ఆదరాబాదరాగా, పెద్ద ఎత్తున తవ్వకాలు జరిగాయి. 1955 డిసెంబరు 10న నెహ్రూ గారు ఆనకట్టకి శంకుస్థాపన చేశారు. 1967లో కాలువలకి నీళ్ళు వదిలారు. ముఖ్యమైన కట్టడాలు కొన్నింటిని విప్పి, కొండ మీదా అనుపులోనూ తిరిగి నిలబెట్టారు.

గైడు ఇంత చెప్పేసరికి అత్తయ్యగారు నెమ్మదిగా అన్నారు. "ఆ తవ్వకాల్లో మా అమ్మ మట్టి తట్టలు మోసింది. నేను గట్టు మీద కూర్చుని చూస్తుండేదాన్ని. ఒకరోజు పెద్ద రాతి బొమ్మ బయటపడితే ఆడవాళ్ళంతా తట్టలు దించేసి దణ్ణం పెట్టారు."

పెళ్ళయి వచ్చి ఇరవై రెండేళ్ళు. ఈ సంగతి నాకు తెలియదు. మావారికీ తెలియదు.

కొండ మీద మ్యూజియం బౌద్ధ విహారంలా కట్టి ఉంటుంది. శిల్పాలు చూస్తుంటే మా అమ్మాయి గైడుని అడిగింది. "ఇవన్నీ ఎవరు కట్టించారండీ?" "ఇక్ష్వాకు రాజులమ్మా" అని అతను ముందుకు నడిచాడు. నాకు మనసు ఒప్పలేదు. బి.ఏ. తెలుగులో మాకు శాసనాల గురించి ఒక పేపరుండేది. ఇరవై ఏళ్ళుగా వంటింట్లో మూలపడ్డ ఆ చదువు అక్కడ ఒక్కసారిగా గుర్తొచ్చింది. జనం ముందు మాట్లాడటానికి సిగ్గేసి, పిల్లని పక్కకి పిలిచి చెప్పాను. అది మీకూ చెబుతాను.

ఇక్ష్వాకుల్లో మొదటి రాజు వాసిష్ఠీపుత్ర చాంతమూలుడు. అశ్వమేధం చేసినవాడు. కోట్ల బంగారం, లక్షల గోవులు దానం చేశాడని శాసనాలు పొగుడుతాయి. ఆయనది వైదిక ధర్మం, మహాసేనుడి భక్తుడు. అదే ఇంటి ఆడవాళ్ళు మాత్రం బౌద్ధానికి చేయూతనిచ్చారు. అందరికంటే ముందు చెప్పుకోవలసింది చాంతిసిరిని, అంటే శాంతిశ్రీని. చాంతమూలుడి తోబుట్టువు, పూకియ వంశానికి చెందిన మహాతలవరుడి భార్య. అన్నగారి కొడుకు వీరపురుషదత్తుడి ఏలుబడిలో, 6వ ఏట, ఆవిడ దానంతోనే మహాచైత్యం పూర్తయింది. 100 అడుగులకి పైగా వ్యాసమున్న స్తూపం అది, లోపల బండిచక్రం ఆకుల్లా గోడలు. నాలుగు దిక్కులా అయిదేసి ఆయక స్తంభాలు, వాటి మీద ప్రాకృతంలో దానాల శాసనాలు. పుట్టింటి రాజధానిలో అత్తింటి కోడలు కట్టించిన స్తూపమన్నమాట.

ఇంకో తమాషా వినండి. వీరపురుషదత్తుడి రాణుల్లో ఇద్దరు, బాపిసిరి, ఛఠిసిరి, ఆయనకి మేనత్త కూతుళ్ళే. చాంతమూలుడి మరో చెల్లెలు హమ్మసిరి పిల్లలు వాళ్ళు. చాంతిసిరి కూడా ఆ రాజునే ఏలుబడి 18వ ఏటి శాసనంలో అల్లుడని చెప్పుకుంది. మేనరికం మన ఇళ్ళకి నిన్న మొన్న వచ్చింది కాదని 1,700 ఏళ్ళ నాటి రాళ్ళు సాక్ష్యం చెబుతున్నాయి. రాజుల పేర్లు చూడండి. వాసిష్ఠీపుత్రుడు, మాఠరీపుత్రుడు. తండ్రి పేరు కాదు, తల్లి గోత్రనామం ముందు పెట్టుకున్నారు.

రాణివాసం వాళ్ళు సరే, మామూలు గృహస్థు ఇంటి ఆడవాళ్ళూ ఉన్నారు. బోధిసిరి అనే ఉపాసిక సింహళం నుంచి వచ్చే భిక్షువుల కోసం ఇక్కడ చైత్యగృహం కట్టించింది. అంతటితో ఆగలేదు. ఒకచోట చెరువు, ఒకచోట మూడు గదులు, మరోచోట ఏడు గదులు, మన ఘంటసాల స్తూపానికి తూర్పు వాకిట రాతి మండపం, అలా తను ఎక్కడెక్కడ ఏమేం చేయించిందో వరసగా రాయించింది. ఈ పుణ్యంలో భాగం పంచుతూ అమ్మనీ నాన్ననీ, అన్నదమ్ముల్నీ అక్కచెల్లెళ్ళనీ, మేనమామనీ పేరుపేరునా తలుచుకుంది. పెళ్ళి శుభలేఖలో ఎవరి పేరు మరిచిపోయినా మాటొస్తుందని మనం జాగ్రత్తపడతామే, అచ్చం అలాగే అనిపిస్తుంది నాకు.

అయితే నన్ను కదిలించేది ఇంకొక మాట. ఈ ఆడవాళ్ళు తమ దానఫలం 'ఉభయ కులాలకీ' దక్కాలని రాయించారు. ఇక్కడ కులమంటే వంశం, ఇల్లు. పుట్టిల్లూ అత్తిల్లూ రెండూ, పోయినవాళ్ళూ ఉన్నవాళ్ళూ పుట్టబోయేవాళ్ళూ అందరూ చల్లగా ఉండాలని కోరుకున్నారు.

ఎహువల చాంతమూలుడి రాణి ఖండువుల చేయించిన మాతృదేవత విగ్రహం గురించి కూడా చెప్పబోయాను. అందులో ఆవిడ తనని 'అవిధవ' అనీ, 'జీవపుత్ర' అనీ చెప్పుకుంది. మన ఐదువ, ముత్తైదువ మాటలకి ఈ అవిధవే మూలమని మా లెక్చరరు గారు చెప్పేవారు. అంతలో అత్తయ్యగారు పక్కనే ఉన్నారని గుర్తొచ్చి నోరు కట్టేసుకున్నాను. మామగారు పోయి నాలుగేళ్ళు.

"ఆగావేం, చెప్పు" అన్నారావిడ. "మొగుడు పోయినవాళ్ళ పేర్లు రాయలేదా ఏంటి?"

రాశారు. చాంతమూలుడు పోయాక ఆయన జ్ఞాపకార్థం ఛాయాస్తంభం నిలబెట్టింది ఆయన తల్లులు, అక్కచెల్లెళ్ళు, భార్యలే. ఆ రాతి మీద వాళ్ళ పేర్లున్నాయి. అదే చెప్పాను. "మంచిపని చేశారు" అని ఆవిడ తలూపారు.

మ్యూజియంలో మునిగిపోయిన లోయ నమూనా ఒకటుంది. ఏ కట్టడం ఎక్కడ ఉండేదో అందులో తెలుస్తుంది. అత్తయ్యగారికి చూపు ఆనదు, అక్షరాలు చదవలేరు. గాలిలోనే వేలితో కృష్ణ వంపుని వెతుక్కుంటూ వెళ్ళారు. "ఈ కొండ వెనక నుంచి పొద్దు పొడిచేది. ఇటు రేవు. ఇక్కడ చింతచెట్టు. ఇదిగో, ఇక్కడ మా ఇల్లు" అన్నారు. అక్కడ ఏమీ లేదు. ఖాళీ నేల. గైడు కూడా వచ్చి నిలబడ్డాడు. మైకులో ఆగకుండా మాట్లాడిన మనిషి ఆ రెండు నిమిషాలూ ఆవిడ చెప్పింది వింటూ ఉండిపోయాడు.

ఇల్లు వదిలిన రోజు సంగతి అక్కడే చెప్పారు. బండి మీద సామానెత్తుకుని మాచర్ల వైపు కొత్తచోటికి నడిచారట. వాళ్ళమ్మ వాకిలి ఊడ్చి, కళ్ళాపి చల్లి, ముగ్గు పెట్టి మరీ బయల్దేరిందట. "మునిగే ఇంటికి ముగ్గెందుకే అని మా నాన్న కేకలేశాడు. నీళ్ళొచ్చేది మన వాకిట్లోకే కదా, చుట్టం వస్తే ముగ్గులేకుండా ఎట్టా అంది మా అమ్మ."

నాకు గొంతు పట్టేసింది. మా అమ్మాయి నానమ్మ చెయ్యి పట్టుకుని వదల్లేదు.

తిరుగు లాంచీలో అత్తయ్యగారు పొట్లం అడిగి తీసుకున్నారు. గైడే దగ్గరికొచ్చి, "అమ్మా, మీరు చెప్పిన వంపు సుమారుగా ఇటు ఉంటుంది" అని చెయ్యి చూపించాడు. ఆవిడ పసుపూ కుంకుమా నీళ్ళలో వదిలారు. అది కృష్ణమ్మకి కాదని నాకు అప్పుడు తెలిసింది. పుట్టింటికి వెళ్ళినప్పుడు ఆడపిల్ల చేతిలో పసుపూ కుంకుమా పెట్టి పంపుతాం. ఇక్కడ ఆడపిల్లే పుట్టింటికి ఇచ్చింది.

"బాధగా ఉందా అత్తయ్యా?" అని అడిగాను.

"బాధపడితే ఎవరిమీద పడను? మా ఊరు మునిగింది. ఆ నీళ్ళే కుడికాలువలో వచ్చి మీ మామగారి మెట్టచేను మాగాణి అయింది. ఆ వడ్లతోనే మీ ఆయన చదివాడు. పుట్టిల్లు పోయి అత్తిల్లు నిలబడింది. ఒక కంట్లో నీళ్ళు, ఒక కంట్లో నవ్వు, అంతేలే."

ఉభయ కులాలు అన్న మాటకి ఇంతకంటే అర్థం నేను ఏ పుస్తకంలోనూ చదవలేదు. ఆనకట్ట వల్ల లక్షల ఎకరాలు పండాయి, నిజమే. కాని ఆ లెక్కలో ఇలాంటి వాకిళ్ళు ఎన్ని పోయాయో కూడా ఉండాలి. రాళ్ళని విప్పి, అంకెలు వేసి, కొండ మీదికి తెచ్చి నిలబెట్టగలిగాం. ఆ రాళ్ళ మీది మట్టి మోసిన ఆవిడ వాకిలిని తేలేకపోయాం.

ఇంటికొచ్చాక మా అమ్మాయి ఒక కొత్త నోట్‌బుక్ తీసింది. తనవైపు, నావైపు, రెండిళ్ళ ఆడవాళ్ళ పేర్లూ రాద్దామంది. తట్టలు మోసిన ముత్తవ్వ పేరుతో మొదలుపెట్టాం. అత్తయ్యగారు ఒక్కొక్కరినే చెబుతుంటే సరదాగానే సాగింది. నాలుగో తరం దగ్గర ఆగిపోయాం. మా అమ్మమ్మ వాళ్ళమ్మ పేరు నాకు తెలియదు. మా అమ్మకి ఫోన్ చేశాను. "అందరూ పెద్దమ్మ అనేవాళ్ళే, అసలు పేరు..." అని అమ్మ చాలాసేపు ఆలోచించింది. దొరకలేదు. 1,700 ఏళ్ళ నాటి చాంతిసిరి పేరు నాకు తెలుసు, నూరేళ్ళు తిరక్కుండానే మా ముత్తవ్వ పేరు పోయింది. ఆ గీత ఖాళీగా వదిలేశాం.

మీరూ వెళ్ళిరండి. మ్యూజియానికి శుక్రవారం సెలవు, ఆ రోజు మాత్రం పెట్టుకోకండి. ఇంట్లో పెద్దావిడ ఉంటే వెంట తీసుకెళ్ళండి. వెళ్ళేలోపు, వాళ్ళమ్మ పేరేమిటో ఒకసారి అడిగి రాసిపెట్టుకోండి.