ముల్కీ, స్థానికుడు: కొలువు చుట్టూ తిరిగిన రెండు మాటలు

ముల్కీ అన్న మాట చట్టంలోంచి పోయి యాభై ఏళ్లు దాటింది. అయినా తెలంగాణలో కొలువుల పంచాయితీ ఎప్పుడు లేచినా పెద్దల నోట ముందు వచ్చేది ఆ మాటే.

అరబ్బీలో మ-ల-క అనే మూడు హల్లుల ధాతువు ఉంది. సొంతం చేసుకోవడం, ఏలడం దాని అర్థం. సొత్తు గలవాడు మాలిక్, రాజు మలిక్, రాజ్యం ముల్క్. ఒకరి సొత్తయిపోయిన బానిసకు మమ్లూక్ అన్న పేరూ అక్కడిదే. ముల్క్ చివర ‘ఈ’ చేరిస్తే ఆ నేలకు చెందినవాడు ముల్కీ. దక్కన్‌వాడు దక్కనీ అయినట్టే. కానివాడు గైర్‌ముల్కీ. ఈ గైర్ మనకు పరాయిది కాదు, బడి హాజరుపట్టీలోని గైర్‌హాజరులో రోజూ కనిపించేదే. అసలు గైర్‌ముల్కీ వచ్చాకే ముల్కీకి పని పడింది. అందరూ ఊరివాళ్లే అయినచోట ఎవరినీ ఊరివాడని ప్రత్యేకంగా పిలవరు కదా.

హైదరాబాద్ రాజ్యంలో ఆ పని పందొమ్మిదో శతాబ్దంలో పడింది. దివాను మొదటి సాలార్‌జంగ్ పాలనను చక్కదిద్దడానికి ఉత్తరాది నుంచి చదువుకున్నవాళ్లను రప్పించి పెద్ద కొలువులిచ్చాడు. ఇక్కడివాళ్లలో మొదలైన ఆ అసంతృప్తి చివరికి 1919లో నిజాం ఫర్మానా అయింది. ముల్కీ కానివాడికి ప్రత్యేక అనుమతి లేనిదే సర్కారు కొలువు లేదు.

ఆ నిబంధనల్లో ఒకటి నన్ను ఎప్పుడూ ఆపేస్తుంది. పుట్టుకతో ముల్కీ కానివాడు కూడా ముల్కీ కావచ్చు. అందుకు పదిహేనేళ్లు ఇక్కడ స్థిరంగా ఉండాలి. అది చాలదు. వచ్చిన చోటికి తిరిగి వెళ్లే తలంపు మానుకున్నానని మేజిస్ట్రేటు ముందు ప్రమాణపత్రం ఇవ్వాలి. ఏళ్లు లెక్కపెట్టడం ఏ గుమాస్తాకైనా చేతనవుతుంది. ఈ నిబంధన ఏళ్లతో ఆగలేదు, మనసునూ అడిగింది. నీ ఊరు ఏది అన్న ప్రశ్నకు, నువ్వు ఎక్కడికి తిరిగి పోవాలనుకుంటావో అదే నీ ఊరు అని జవాబు చెప్పింది.

కాగితం మీద ఇంత లోతైన మాట ఆచరణలో దొంగ సర్టిఫికెట్ల పాలైంది. దానికి నిరసనగా 1952లో విద్యార్థులు ‘గైర్‌ముల్కీ గో బ్యాక్’ అంటూ వీధుల్లోకి వచ్చారు. హైదరాబాద్‌లో సిటీ కాలేజీ దగ్గర పోలీసు కాల్పుల్లో ప్రాణాలు పోయాయి.

ఆంధ్రప్రదేశ్ ఏర్పడ్డాక తగవు కోర్టులకెక్కింది. రాజ్యాంగం 16(3) అధికరణ ప్రకారం ఉద్యోగానికి నివాస నియమం పెట్టే అధికారం పార్లమెంటుది. తెలంగాణలోని కొలువులకు అక్కడి నివాసం ఉండాలన్న నిబంధనతో 1957లో పార్లమెంటు ఒక చట్టం చేసింది. 1969 మార్చిలో సుప్రీంకోర్టు ఆ నిబంధనను కొట్టేసింది. రాష్ట్రంలో నివాసం అంటే రాష్ట్రమంతా అనే, అందులో ఒక ముక్క కాదు అంది. వేల కొలువులు ‘రాష్ట్రం’ అన్న ఒక్క మాట అర్థం మీద ఆధారపడ్డాయి. 1972 అక్టోబరు 3న అదే కోర్టు, పాత ముల్కీ నిబంధనలు 35(బి) అధికరణ కింద ఇంకా బతికే ఉన్నాయని తీర్పు ఇచ్చింది. దానికి నిరసనగా కోస్తా, రాయలసీమల్లో వేరే రాష్ట్రం కోరుతూ జై ఆంధ్ర ఉద్యమం లేచింది. రాష్ట్రంలో రాష్ట్రపతి పాలన వచ్చింది. 1973లో ఆరు సూత్రాల పథకం, దాని వెంట 371-డి అధికరణ వచ్చాయి. ముల్కీ నిబంధనలు రద్దయ్యాయి.

మాట పోయింది గానీ ప్రశ్న పోలేదు. 371-డి కింద వచ్చిన 1975 రాష్ట్రపతి ఉత్తర్వుతో ఆ చోట్లోకి ‘స్థానిక అభ్యర్థి’ వచ్చి కూర్చున్నాడు. ఈ మాట సంగతి ఇంకా చిత్రం. స్థా అంటే నిలవడం. స్థానికుడు ఒక చోట నిలిచినవాడు. కానీ కౌటిల్యుడి అర్థశాస్త్రంలో స్థానికుడు ఒక అధికారి. జనపదంలో నాలుగో వంతు అతని అజమాయిషీలో ఉండేది. అప్పట్లో కొలువు ఉన్నవాడికి పేరు. ఇప్పుడు కొలువు అడిగేవాడికి పేరు. నిలబడిన చోట పెత్తనం ఉండాలన్న ఆశ ఈ మాటలో మొదటి నుంచీ ఉంది. తెలంగాణ అడిగిందీ అదే. చదువులో ముందున్నవాళ్లతో పోటీలో మా నేల మీది కొలువు మాకు దక్కకుండా పోకూడదన్నారు. అది న్యాయమైన కోరిక. ఉత్తర్వును మీరి జరిగిన నియామకాలను సరిచేయడానికి 1985లో 610 జీవో ఇవ్వాల్సి వచ్చిందంటే ఆ భయం ఉత్తదేం కాదు.

నా బాధ కొలత గురించి. 2018 రాష్ట్రపతి ఉత్తర్వు తర్వాత తెలంగాణలో నేరుగా చేసే నియామకాల్లో 95 శాతం స్థానికులవే. స్థానికత తేల్చడానికి ఒకటి నుంచి ఏడో తరగతి దాకా బోనఫైడ్ సర్టిఫికెట్లు పెట్టమంటారు. పాలమూరు నుంచి పనికోసం ముంబైకి, భీవండికి పోయిన కుటుంబాన్ని తలుచుకోండి. పిల్ల అక్కడి బడిలో చదివింది. పండక్కి, పెళ్లికి, చావుకి ఊరికొచ్చారు. రేషన్ కార్డు, ఓటు, చెలక అన్నీ ఇక్కడే. ఆ పిల్ల తిరిగొచ్చి గ్రూప్స్‌కు దరఖాస్తు పెడితే నాన్‌లోకల్. పుట్టిన ఊళ్లోనే మిగతా అయిదు శాతానికి అందరితో పోటీ పడాలి. ఊరు విడిచింది ఇష్టంతో కాదు. కరువు వెళ్లగొట్టింది.

దొంగ కాగితాలకు జడిసి చట్టం మనసును వదిలి బడి రిజిస్టరును పట్టుకుంది. దానికి కారణం ఉంది. అయినా కూలికి వలసపోయిన ఇంటి పిల్లలకు తల్లిదండ్రుల ఊరినే స్థానికతగా లెక్కించే ఒక నిబంధన రాయడం సర్కారుకు కష్టం కాదు. ఆ ఇల్లు ఈ ఊరిదేనని చూపడానికి పంచాయతీ రికార్డులు ఉన్నాయి, ఉపాధి హామీ జాబ్‌కార్డులు ఉన్నాయి. తిరిగి పోయే తలంపు వదులుకున్నవాడికి 1919 నాటి నిబంధన ముల్కీ అన్న పేరిచ్చింది. ఆ తలంపును ఒక్కరోజూ వదులుకోని వాళ్లకు స్థానికులన్న పేరు దక్కాలి.