సమాధుల కోసం నేసిన పట్టు

1886లో మడగాస్కర్ రాణి మూడో రణవలోన అమెరికా అధ్యక్షుడు గ్రోవర్ క్లీవ్‌లాండ్‌కు రెండు పట్టు వస్త్రాలు పంపింది. ఆమె గద్దెనెక్కి అప్పటికి మూడేళ్లు. ఫ్రాన్సుతో యుద్ధం ముగిసి, మెడకు గుదిబండలాంటి ఒప్పందం మిగిలింది. పెద్ద దేశాల అండ అవసరమైన వేళ రాణి ఎంచుకున్న కానుక నేత. ద్వీపం నడుమ ఎత్తయిన పీఠభూమిలో ఉండే మెరీనా జనానికి పట్టును మించిన మర్యాద లేదు మరి. బతికున్న దొరలు దాన్ని భుజాన కప్పుకునేవారు, పోయినవాళ్లను దానిలోనే చుట్టి సమాధిలో ఉంచేవారు.

అలా చుట్టే వస్త్రమే లంబా మేనా. పేరుకు ఎర్ర బట్టే గానీ గోధుమ రంగువీ, చారలవీ కూడా ఆ పేరుతోనే చెలామణీ అవుతాయి. రాణి పంపినవి స్మిత్సోనియన్ సంస్థకు చేరాయి కాబట్టి నేటికీ ఉన్నాయి. వాటి తోటివి ఎన్నో రాతి సమాధుల చీకట్లో ఎముకలతో పాటు చివికిపోయాయి. ఒక జాతి తన ఖరీదైన నేతను కావాలనే కంటికి కనబడని చోట పెడితే, మ్యూజియంలో మనం చూసేది ఆ దేశం దాటిపోయిన కాస్తంత మాత్రమే. మడగాస్కర్ నేత గురించి చదివేటప్పుడు ఈ సంగతి మరిచిపోకూడదనిపిస్తుంది.

లంబా మేనాకు పేరున్న పట్టు అడవిది. తాపియా చెట్ల ఆకులు తిని పెరిగే లండిబే అనే పురుగు దాన్ని అల్లుతుంది. మహదేవపూర్ వైపు మద్దిచెట్ల మీద దొరికే దసలి పట్టుకాయలను చూసినవారికి ఈ పని కొంత అర్థమవుతుంది. అయితే లండిబే కాయకు ముళ్లలాంటి నూగు ఉంటుంది, చేతికి గుచ్చుకుంటే దురద, మంట. కాయను కోసి లోపలి పురుగును తీస్తారు. దాన్ని పారేయరు, వేయించుకుని తింటారు. కోసిన కాయ నుంచి ఏకధాటిగా దారం లాగడం కుదరదు. అందుకే కాయలను గంటలకొద్దీ ఉడికించి, కొన్నాళ్లు పులియబెట్టి, కడిగి ఆరబెట్టి, పత్తిని వడికినట్టు కదురు మీద వడుకుతారు. నూలు కాస్త గరుకు, మెరుపు తక్కువ, మన్నిక ఎక్కువ. ఎరుపుకూ గోధుమ రంగుకూ చెట్ల బెరళ్లు ఉడికిస్తారు. నేసేది ఆడవాళ్లు, నేలబారుగా పరిచిన మగ్గం మీద. అలా నేసిన పన్నాలను పక్కపక్కన చేర్చి కుడితేనే మనిషిని చుట్టేంత వెడల్పు వస్తుంది.

చావుతో ఆ బట్ట పని అయిపోదు. కొన్నేళ్లకొకసారి, అక్కడి చలికాలపు పొడి నెలల్లో, జూన్ నుంచి సెప్టెంబరు లోపల, కుటుంబం సమాధి తలుపు తెరుస్తుంది. ఈ వేడుక పేరు ఫమదిహన. పెద్దల అవశేషాలను చాపల మీద బయటికి తెచ్చి, పాత బట్ట మీదే కొత్త పట్టు చుట్టి, గట్టిగా కట్లు కడతారు. బ్యాండు మేళం మోగుతుంది. కట్టిన పెద్దలను భుజాల మీదికెత్తుకుని చిందులేస్తారు. కొవ్వు మాంసంతో అన్నం విందు. చనిపోయినవాళ్లు కలలోకి వచ్చి చలేస్తోందని అంటే, కొత్త బట్ట వేళ అయిందని లెక్క. సంతానం కోరుకునే ఆడవాళ్లు ఆ చాపల ముక్కలను ఇంటికి పట్టుకెళతారు. చితితో అన్నీ ముగిసిపోయే మన ఇళ్లవాళ్లకు ఇది వింతగానే తోస్తుంది. అయినా ఏటా తద్దినం పెట్టి, పెద్దలకు బట్టలు పెట్టే మనం మరీ అంత ఆశ్చర్యపోనక్కర్లేదు.

రాణి ఎత్తు ఫలించలేదు. 1895లో ఫ్రెంచి సేన రాజధాని అంటనానరివోను పట్టుకుంది, మరుసటి ఏడు దేశాన్ని కలిపేసుకుంది. 1897లో ఆమెను రీయూనియన్ దీవికి, తర్వాత అల్జీరియాకు పంపేశారు. 1917లో అల్జీర్స్‌లో కన్నుమూసింది. సొంత నేలలో, పూర్వీకుల పక్కన పడుకోవడమే జీవిత పరమార్థమనుకునే జాతికి ఇంతకంటే పెద్ద శిక్ష ఏముంటుంది? ఆమె అస్థికలు ద్వీపానికి తిరిగి రావడానికి 1938 దాకా పట్టింది. 1995 నవంబరులో రాజభవన ప్రాంగణం రోవా తగలబడినప్పుడు రాజ సమాధులకూ మంటలు అంటుకున్నాయి.

నేత మీద మిల్లు గుడ్డ దెబ్బ మాత్రం ఫ్రెంచివాళ్ల రాకకు ముందే మొదలైంది. 19వ శతాబ్దంలో మడగాస్కర్ రేవుల్లో దిగిన సరుకుల్లో అమెరికా నూలుగుడ్డ ముఖ్యమైనది. రాణి పట్టు పంపింది ఆ దేశానికే. ఇప్పుడు పోటీ పాలిస్టర్‌తో. కార్చిచ్చులకూ గొడ్డళ్లకూ తాపియా అడవులు పలచబడ్డాయి, కాయలు తగ్గాయి, పట్టు ఖరీదెక్కింది. కొన్ని చర్చిలు ఫమదిహనను కూడదంటున్నాయి. 2017లో ప్లేగు ప్రబలినప్పుడు ఆరోగ్య అధికారులూ దీనిపై హెచ్చరికలు చేశారు.

ఈ మధ్య ప్రపంచం మడగాస్కర్ నేతవైపు చూసింది సాలీళ్ల పుణ్యాన. 12 లక్షల సాలీళ్ల దారంతో అక్కడే తయారైన బంగారు రంగు వస్త్రం 2012లో లండన్‌లోని విక్టోరియా అండ్ ఆల్బర్ట్ మ్యూజియంలో కొలువుదీరింది. అద్భుతమే, కాదనను. కానీ ఊళ్లలో మగ్గం నడిపేవాళ్లకు కూడు పెట్టేది ఫమదిహన గిరాకీ, ఆ నెలలు దాటాక పర్యాటకులు కొనే స్కార్ఫులు. వాటిలో లండిబే నూలువీ ఉంటాయి. కొన్నవాళ్లలో చాలామందికి అది ఏ బట్ట చుట్టమో తెలియదు, అమ్మేవాళ్లూ పనిగట్టుకుని చెప్పరు.